అర్ధరాత్రి దాటినా సాగే రిసెప్షన్‌కు హాలు ఎంచుకోవడం ఎలా

తెలుగువారి పెళ్లిళ్లలో రాత్రి ముహూర్తాలు ఎక్కువ కాబట్టి, సాయంత్రం ఏడు గంటలకు మొదలైన రిసెప్షన్ అర్ధరాత్రి దాటి జీలకర్ర-బెల్లం దాకా సాగడం మనకు కొత్త కాదు. అయినా హైదరాబాదులో హాలు మాట్లాడుకునేటప్పుడు చాలా కుటుంబాలు అద్దె గురించి, పార్కింగు గురించి, ప్లేటు ధర గురించి గట్టిగా బేరమాడి, రాత్రి వేళల సంగతి వచ్చేసరికి ‘ఎంతసేపైనా ఉండొచ్చండీ’ అన్న మేనేజరు మాటతో సరిపెట్టుకుంటాయి. ఆ ఒక్క మాటలో మూడు గడువులు కలిసిపోయి ఉంటాయి: పాట ఆగే వేళ, వడ్డన ఆగే వేళ, హాలు ఖాళీ చేయవలసిన వేళ. ఈ మూడింటినీ విడివిడిగా అడిగి కాగితం మీద రాయించుకోవడమే హాలు వెతకడంలో అసలైన పని అని నేను గట్టిగా నమ్ముతాను.

ముందుగా పాట సంగతి చూడాలి, ఎందుకంటే ఇది హాలు యజమాని ఇష్టాయిష్టాలతో తేలేది కాదు. 2000 సంవత్సరపు శబ్ద కాలుష్య నియంత్రణ నియమాల ప్రకారం రాత్రి 10 గంటల నుంచి ఉదయం 6 గంటల వరకు ఆరుబయట లౌడ్‌స్పీకర్లే కాదు, వాద్యాలు కూడా మోగించకూడదు. అంటే డీజేతో పాటు పచ్చిక మీద వేసిన మండపంలోని సన్నాయి మేళానికి కూడా ఈ నియమం వర్తిస్తుంది. బ్యాంక్వెట్ హాళ్లు, కమ్యూనిటీ హాళ్ల వంటి మూసి ఉన్న ఆవరణల లోపల వినిపించే శబ్దానికి మినహాయింపు ఉన్నప్పటికీ, ప్రైవేటు స్థలంలో వాడే సౌండ్ సిస్టమ్ మోత ఆ స్థలం హద్దు దగ్గర అక్కడి పరిమితిని 5 డెసిబెల్స్‌కు మించి దాటకూడదు. రాత్రివేళ ఆ పరిమితి నివాస ప్రాంతంలో 45 డెసిబెల్స్, వాణిజ్య ప్రాంతంలో 55 డెసిబెల్స్. ఆసుపత్రులు, విద్యాసంస్థలు, న్యాయస్థానాల చుట్టూ కనీసం 100 మీటర్ల మేర ప్రభుత్వం ప్రకటించిన నిశ్శబ్ద మండలాల్లో అది 40 మాత్రమే. రాత్రి 10 నుంచి 12 గంటల వరకు రాష్ట్ర ప్రభుత్వం సడలింపు ఇవ్వగలిగేది ఏడాదికి మొత్తం 15 రోజులకు మించని సాంస్కృతిక, మతపరమైన ఉత్సవాల సందర్భాలకే కాబట్టి, ‘పోలీసు పర్మిషన్ మేము చూసుకుంటాం’ అని ఎవరైనా అంటే ఆ అనుమతి పత్రంలో ఏ వేళ వరకు అని రాసి ఉందో చూపించమని అడగండి.

అందువల్ల పది దాటాక కూడా పాటలు, ఆటలు ఉండాలనుకుంటే కొంపల్లి, మేడ్చల్, శంషాబాద్ వైపు కనిపించే అందమైన గార్డెన్స్ కన్నా, గోడలు, తలుపులు గట్టిగా ఉన్న ఏసీ హాలే నయం. ఊరికి దూరంగా మొయినాబాద్ ఫామ్‌హౌసులో అయితే అడిగేవారుండరని కొందరు అనుకుంటారు గాని, నియమం అక్కడా ఒకటే. పైగా చుట్టూ నిశ్శబ్దంగా ఉన్న పల్లెలో మోత మరింత దూరం వినిపిస్తుంది, మర్నాడు పొలం పనికి వెళ్లవలసిన మనుషుల నిద్ర చెడుతుంది. పేరు చివర కన్వెన్షన్ అని ఉన్నంత మాత్రాన అది మూసిన హాలు అయిపోదు. రేకుల కప్పు ఉన్నచోట, పక్కలు గుడ్డ పరదాలతో మూసినచోట శబ్దం బయటకు రాకుండా ఆపడం సాధ్యం కాదు. నచ్చిన హాలును పగలు చూసి ఊరుకోకుండా, అక్కడ వేరొకరి పెళ్లి జరుగుతున్న ముహూర్తం రోజున రాత్రి పదిన్నర తరువాత వెళ్లి ప్రహరీ బయట కాసేపు నిలబడండి. గేటు దగ్గరి వాచ్‌మన్‌ను అడిగితే, పోలీసులు వచ్చి పాట ఆపించిన సందర్భాలున్నాయో లేదో మేనేజరు కన్నా నిజంగా చెబుతాడు.

హాలు అద్దెకు తేదీ రాయించేటప్పుడు ప్రత్యేక జాగ్రత్త అవసరం. పంచాంగం లెక్కలో రోజు సూర్యోదయంతో మొదలవుతుంది కనుక శుభలేఖలో ‘శుక్రవారం రాత్రి 1.40, తెల్లవారితే శనివారం’ అని వేస్తాం. హాలు రిజిస్టరులో మాత్రం అది శనివారం తేదీ. శుక్రవారానికే అడ్వాన్స్ కట్టి, ఆ బుకింగ్ అర్ధరాత్రితో ముగుస్తుందని చివరిలో తెలిస్తే పెళ్లివారి అవస్థ చెప్పనలవి కాదు. ఫలానా తేదీ ఇన్ని గంటల నుంచి మర్నాటి తేదీ ఇన్ని గంటల వరకు అని రెండు తేదీలూ రసీదులో ఉండాలి. మాఘ, ఫాల్గుణ, వైశాఖ, శ్రావణ మాసాల్లో మర్నాడు ఉదయమే మరో పెళ్లివారు దిగే అవకాశం ఉంటుంది కనుక, తలంబ్రాలు, అప్పగింతలు హడావిడి లేకుండా ముగిసేంత వ్యవధి పెట్టించుకోండి.

వడ్డన గురించి క్యాటరింగ్ వారితో తేల్చుకోవాలి. ముహూర్తం దాకా కూర్చున్న పెద్దలకు, పిల్లలకు, మేళగాళ్లకు రాత్రి ఒంటిగంటకు వేడిగా ఇడ్లీయో ఉప్మానో, టీయో అందాలంటే ఇద్దరు ముగ్గురు వంటవాళ్లు ఉండిపోవాలి. వాళ్ల అదనపు కూలీ ముందే మాట్లాడటం న్యాయం. జనరేటరు డీజిలు, అదనపు గంటల చార్జీ, క్లీనింగ్ చార్జీ అద్దెలో కలిసి ఉన్నాయో లేదో కూడా అప్పుడే అడగండి. మద్యం పోయదలచుకుంటే ఆబ్కారీ శాఖ నుంచి ఈవెంట్ పర్మిట్ తప్పనిసరి.

పాటల లైసెన్సు పేరుతో ఎవరైనా డబ్బు అడిగితే, కాపీరైట్ చట్టం 52(1)(జెడ్ఏ) సెక్షను పెళ్లి ఊరేగింపులకు, పెళ్లికి సంబంధించిన వేడుకలకు మినహాయింపు ఇచ్చిందనీ, 2023 జూలైలో కేంద్ర పరిశ్రమల ప్రోత్సాహక శాఖ బహిరంగ ప్రకటనలో దాన్నే మళ్లీ స్పష్టం చేసిందనీ గుర్తుచేయండి.

ఆ వేళకు మెట్రో ఉండదు కాబట్టి దూరం నుంచి వచ్చినవారి కోసం విడిది గదులు హాలులోనే ఉంటే మేలు, లేకపోతే వారిని చేరవేసే బస్సు మాట్లాడి, దాని డ్రైవరు భోజనం, నిద్ర సంగతి చూసి పెట్టండి. కార్యక్రమాన్ని కూడా ఈ గడువులకు తగ్గట్టు పేర్చుకోవచ్చు: బారాత్, బ్యాండు, టపాసులు తొమ్మిదిన్నరకల్లా ముగించి, పది తరువాత అందరినీ లోపలికి పిలిచి తలుపులు మూయించాలి. ఆ తలుపుల దగ్గర మన మనిషి ఒకరుండాలి, ఎందుకంటే వచ్చేపోయేవారు వాటిని తెరిచి వదిలేస్తే మోతంతా వీధిలోకి వస్తుంది. పెళ్లికి వారం ముందు మరోసారి హాలుకు వెళ్లి, బుకింగ్ రాసుకున్న పగటి మేనేజరును కాకుండా ఆ రాత్రి డ్యూటీలో ఉండే మనిషిని కలిసి, రాయించుకున్న మూడు వేళలనూ చూపించి, ఆయన ఫోను నంబరు తీసుకోండి.