మీ కథకు ఓ మాయబంక కావాలంటే

ఫాంటసీ కథో, గేమో రాస్తున్నారు. అందులో ఒక చెట్టు, దాని బెరడులోంచి కారే మాయబంక ఉండాలి. సాధారణంగా ఏం చేస్తారంటే, అది చీకట్లో నీలంగా మెరుస్తుందని, పూస్తే గాయం మానుతుందని, తింటే బలమొస్తుందని, కాలిస్తే దెయ్యాలు పారిపోతాయని ఉన్న మహిమలన్నీ దానికే అంటగట్టేస్తారు. ఇక ఆ లోకంలో ఎవరికీ కష్టం రాదు, కథా నడవదు. మన అడవుల్లో దొరికే మామూలు బంకలకే బోలెడు నియమాలున్నాయి. వాటిని పట్టుకుంటే చాలు, మాయ నమ్మేలా తయారవుతుంది. ఉదాహరణకి ఒకటి కట్టి చూపిస్తాను. పేరు పలుకుబంక. మెత్తగా ఉన్నప్పుడు దగ్గర్లో ఎవరైనా మాట్లాడితే ఆ మాటను లోపల పట్టుకుని గట్టిపడుతుంది.

ముందు తేల్చుకోవాల్సింది, అది నీళ్లకు లొంగుతుందా, నిప్పుకు లొంగుతుందా అని. తుమ్మ జిగురు నీళ్లలో కరిగిపోతుంది, తపసి బంక నీళ్లు పీల్చుకుని ఉబ్బుతుంది. గుగ్గిలం అలా కాదు, నీళ్లలో ఎంతసేపు ఉంచినా కరగదు, నిప్పుల మీద వేస్తే మాత్రం కరిగి పొగవుతుంది. పలుకుబంకను నేను నిప్పు వైపు పెట్టాను. నిప్పుల మీద వేస్తే మాట పొగతో పాటు బయటికొస్తుంది, అదీ ఒక్కసారే. ఈ ఒక్క నియమంతోనే ఊరి పంచాయతీ ఇరకాటంలో పడుతుంది చూడండి: సాక్ష్యం వినాలంటే కాల్చాలి, కాల్చేస్తే రేపు రాజు దగ్గర తగువు పెట్టుకోవడానికి బూడిద తప్ప ఏమీ ఉండదు.

తర్వాత గాటు సంగతి. చెట్టు బంక కార్చేది మన కోసం కాదు, దెబ్బ తగిలిన చోటు మూసుకోవడానికి, పురుగూ బూజూ లోపలికి పోకుండా ఆపడానికి. ఒమన్‌లోని ధోఫార్‌లో ధూపం చెట్లకి బెరడు కొద్దిగా చెక్కి వదిలేస్తారు, పాలలాంటి చుక్కలు కారి ఆరాక గీకి తీస్తారు. మొదటి గీకుడులో వచ్చేది నాసిరకం, మంచి సరుకు ఆ తర్వాతే వస్తుంది. మన ఏజెన్సీలో తపసి చెట్టుకి కూడా అత్యాశతో లోతుగా నరికితే చెట్టే పోతుంది. రాజస్థాన్, గుజరాత్ వైపు మహిసాక్షి గుగ్గిలం ఇచ్చే మొక్క ఇలాంటి కోతల వల్లే అంతరించే దశకు చేరింది. అందుకే నా లోకంలో పలుకుచెట్టును మరీ లోతుగా కోస్తే అది చావదు, మూగబోతుంది. బంక కారుతూనే ఉంటుంది గానీ మాట పట్టదు. పైకి చూస్తే తేడా తెలియదు, కొన్నవాడు కాల్చుకున్నాకే తెలుస్తుంది.

కొనేవాడు అన్నాను కాబట్టి, గాటు పెట్టేది ఎవరు, ధర కట్టేది ఎవరు అన్నది తప్పకుండా రాసుకోండి. గిరిజనుల దగ్గర అటవీ ఉత్పత్తులు కొనడానికి 1956లో గిరిజన సహకార సంస్థ పెట్టాల్సి వచ్చిందంటే మధ్యలో దళారుల బెడద ఎంత ఉండేదో ఊహించుకోవచ్చు. తపసి బంకలో తెల్లగా, శుభ్రంగా ఉన్నదానికి మంచి ధర, బెరడు పెచ్చులు అంటుకుంటే తక్కువ. పలుకుబంకలో పెచ్చులు పడితే మాటకి నత్తి వస్తుంది. ప్రేమ సందేశం నత్తితో వచ్చిందంటే పంపినవాడు చవక సరుకు కొన్నాడని పిల్లకి అర్థమైపోతుంది.

వాడకాల దగ్గర కొంచెం ఆగండి, ఇక్కడే మజా అంతా. ఏటికొప్పాకలో బొమ్మకి రంగు ఎలా వేస్తారో చూశారా? అంకుడు కర్రని లేత్ (కర్రను తిప్పే యంత్రం) మీద గిర్రున తిప్పుతూ రంగు కలిపిన లక్క కడ్డీని దానికి అదిమి పెడతారు. రాపిడి వేడికే లక్క కరిగి పొరలా అంటుకుంటుంది, తర్వాత మొగలి ఆకుతో రుద్దితే నిగనిగలాడుతుంది. లక్క చెట్టు బంక కాదు, పురుగు ఇచ్చేది, అయినా పద్ధతి మనం వాడుకోవచ్చు. దొంగ తీస్తే పలికేలా నగల పెట్టె మూతకి పలుకుబంక ఇలాగే పూశారనుకోండి. మూత తీసిన ప్రతిసారీ రాపిడికి పూత కొద్దిగా కరిగి ఒక్కో అక్షరం బయటికి వస్తుంది. ఇంటావిడ పదే పదే తీసి నగలు చూసుకుంటే దొంగొచ్చే రోజుకి అక్షరాలు అయిపోయి ఉంటాయి. పడవల సందులకు గుగ్గిలం పూసేవాళ్లు కదా, దాని బదులు ఇది పూస్తే సరంగు తిట్లన్నీ పడవలోనే ఉండిపోతాయి.

కల్తీ లేకుండా ఏ సరుకూ ఉండదు. మనం కొనే ఇంగువ డబ్బాలో చాలావరకు పిండీ, జిగురూనే, అసలు ఇంగువ కొంచెమే. పలుకుబంకలో మామూలు బంక కలిపితే మాట పల్చబడుతుంది, రెండు ముక్కలు కలిపి ఉండ చేస్తే ఇద్దరి గొంతులు కలగాపులగం అవుతాయి. ఇక ఇంగువ కట్టిన గుడ్డ ఉండనే ఉంది: దొంగరవాణా చేసేవాడు సరుకు దాచేసినా, కట్టిన గుడ్డ ఎండలో పెడితే గొణుగుతుంది. కంప్యూటర్ సాంబ్రాణి అంటూ వెలిగించగానే పొగొచ్చే కప్పులు వచ్చినట్టు (అందులో కంప్యూటర్ ఎక్కడుందో ఆ దేవుడికే తెలియాలి), మీ లోకంలోనూ ఒక రెడీమేడ్ రకం పెట్టండి, ‘శుభాకాంక్షలు’ తప్ప ఇంకేం పలకనిది.

చరిత్ర కావాలంటే అంబర్, అంటే కోట్ల ఏళ్లు నేలలో ఉండి రాయిలా గట్టిపడ్డ చెట్టు బంక వైపు చూడండి. మయన్మార్‌లో దొరికిన సుమారు 9.9 కోట్ల ఏళ్ల నాటి అంబర్ ముక్కలో ఈకలున్న డైనోసార్ తోక ఉందని 2016లో బయటపడింది. అంత పాత పలుకుబంక ఒకటి నేలలో దొరికితే దాన్ని కాల్చాలా వద్దా అన్న గొడవ మీద ఒక నవల నడిపించొచ్చు.

గేమ్ కోసమైతే కొలత తప్పనిసరి, లేకపోతే ఆడేవాళ్లు చీల్చి చెండాడతారు. నేను ఉసిరికాయంత ఉండకి ఒక్క వాక్యం పెట్టుకున్నాను, అంతకంటే ఎక్కువ మాట్లాడితే మొదట అన్నవి చెరిగిపోయి చివరివే మిగులుతాయి. వానాకాలంలో బంక గట్టిపడదు కాబట్టి ఆ నెలల్లో ఉత్తరాలే గతి.