జపాను కాలం నాటి కర్రపెండలం వండే పద్ధతి

కర్రపెండలం తవ్విన రోజే వండుకోవాలి. ఆలస్యమైతే లోపల నీలపు చారలు వస్తాయి. అలాంటి దుంప పారేయండి.

మలయాలో (ఇప్పటి మలేషియాలో) దీన్ని ఉబి కాయు అంటాం. 1942 నుంచి 1945 దాకా జపాను వాళ్ల పాలనలో మా ఊరు తెలుక్ ఆన్సన్ (ఇప్పటి తెలుక్ ఇంతాన్) దీనితోనే బతికింది. బయటి దేశాల బియ్యం రావడం ఆగిపోయింది. రేషన్‌లో దొరికే కాసిని బియ్యం నాన్నమ్మ జావకే.

తొక్క దగ్గర జాగ్రత్త. పైన మట్టిరంగు పొర గీకితే చాలదు, కింద దళసరి పొర కూడా పోవాలి. విషం ఎక్కువగా ఉండేది అక్కడే. అమ్మ నిలువుగా ఒక గాటు పెట్టి, బొటనవేలు దూర్చి తిప్పేది, రెండు పొరలూ కలిసి ఊడొచ్చేవి. తర్వాత ముక్కలు కోసి, నడిమి పీచు లాగేసి నానబెట్టాలి. ఆ నీళ్లు పారబోసి, మళ్లీ నిండుగా నీళ్లు పోసి, మూత పెట్టకుండా బాగా మెత్తబడేదాకా ఉడికించి వార్చేయండి. వార్చిన నీళ్లు తాగకూడదు. ఎంత ఆకలేసినా అమ్మ మమ్మల్ని తాగనిచ్చేది కాదు. చేదు రకానికి ఇది చాలదు, దాని జోలికే పోవద్దు.

గడియారాలు టోక్యో టైముకి, అంటే గంటన్నర ముందుకు తిప్పేశారు. బడికి చీకట్లోనే బయలుదేరాలి. అందుకని అమ్మ రాత్రే, కొబ్బరినూనె దీపం కింద వండి పెట్టేది. తోటల ఊరు కాబట్టి కొబ్బరికి లోటు లేదు. ఉప్పు దొరికిన రోజు కొబ్బరి కోరు, పచ్చిమిరపకాయ కలిపి నూరేది. జపాను వాళ్లు అచ్చేసిన అరటిచెట్టు బొమ్మ నోట్లు ఎన్ని ఉన్నా చివర్లో ఉప్పు కొనలేకపోయాం, కొబ్బరికాయలిచ్చి తెచ్చుకునేవాళ్లం.

నిలవకైతే ఉడికిన ముక్కల్ని పల్చగా కోసి, విరిచితే ఫట్‌మనేదాకా ఎండబెట్టండి. 1943లో ఎస్టేటు మనుషుల్ని జపాను వాళ్లు సయాం (ఇప్పటి థాయిలాండ్) నుంచి బర్మాకి వేయిస్తున్న రైలుమార్గం పనికి తీసుకెళ్లినప్పుడు చిన్నాన్నకి అమ్మ కట్టిచ్చిన మూట ఇదే. ఆయన తిరిగి రాలేదు. ఎక్కడ పోయాడో కూడా మాకెవరూ చెప్పలేదు.

ఇంకో మాట. దుంప కడుపు నింపుతుంది కానీ ఒంటికి బలం చాలదు. ఆ రోజుల్లో మా వీధిలో ఎంతోమందికి కాళ్లు వాచాయి. పక్కన చేపో, పప్పో, గుడ్డో తప్పకుండా పెట్టండి. పిల్లలకైతే ముందు అవి తినిపించి, ఆ తర్వాతే దుంప వడ్డించండి.