కళ్లజోడు సంరక్షణ – 3వ పాఠం: గుడ్డ కంటే ముందు నీళ్లు

పోయిన పాఠంలో మీ అద్దం ఏ రకమో తేల్చుకున్నారు. ట్యూబులైటు కింద ఏటవాలుగా పట్టుకున్నప్పుడు అద్దంలో లైటు ప్రతిబింబం ఆకుపచ్చగానో, నీలంగానో, ఊదాగానో కనిపిస్తే యాంటీ గ్లేర్ పూత (అద్దం మీద పడే వెలుతురు మెరుపును తగ్గించేది) ఉన్నట్టు. పూతలేని అద్దాలవాళ్లకూ ఈ పాఠం పనికొస్తుంది కానీ పూత ఉన్నవాళ్లు మరీ జాగ్రత్తగా చదవాలి.

గీతలు పడేది చాలావరకు గుడ్డ వల్ల కాదు, గుడ్డకీ అద్దానికీ మధ్య నలిగే దుమ్ము వల్ల. రోడ్డు దుమ్ములో ఇసుక రేణువులుంటాయి. ఇసుకలోని క్వార్ట్జ్ అనే ఖనిజం కాఠిన్యం, గట్టిదనాన్ని 1 నుంచి 10 దాకా కొలిచే మోస్ కొలమానంలో 7, మామూలు గాజుది సుమారు 5.5. మనం పెట్టుకునేవి ఇప్పుడు ఎక్కువగా గాజు కూడా కాదు. సీఆర్-39, పాలికార్బొనేట్ లాంటి ప్లాస్టిక్కులు, గాజుకన్నా మెత్తనివి. పైన హార్డ్ కోట్ (గీతలు తగ్గించే గట్టి పూత) ఉన్నా ఇసుకను పూర్తిగా ఆపలేదు. బండి దిగగానే చొక్కా అంచుతోనో, చీర కొంగుతోనో పొడిగా తుడవడమంటే అద్దానికి గరుకు కాగితం పట్టడమే. నోటితో ఆవిరి ఊది తుడిచినా అంతే. ఆ కాస్త చెమ్మ దుమ్మును కడిగేయదు, అద్దానికే అంటిస్తుంది.

కాబట్టి ముందు నీళ్లు. అంతకంటే ముందు, చేతులు. తలకు నూనె రాసుకున్న వేళ్లతో మొదలుపెడితే ఎంత కడిగినా జిడ్డు పోదు. సబ్బుతో చేతులు కడుక్కుని, కుళాయి సన్నగా తిప్పి అద్దాల రెండు వైపులా నీళ్లు పారనివ్వండి. ఈ దశలో వేలు కూడా తగలనివ్వకండి, దుమ్మును నీళ్లే తీసుకుపోవాలి. గీజరు నీళ్లు వద్దు. వేడికి ప్లాస్టిక్ సాగినంతగా పైపూత సాగదు, దాంతో పూత సాలెగూడులా చిట్లుతుంది. చిట్లిన పూతకు మరమ్మతు లేదు, అద్దాలు మార్చాల్సిందే. మే నెల ఎండలో కారు డ్యాష్‌బోర్డు మీద కళ్లజోడు వదిలేసినా జరిగేది ఇదే.

తర్వాత గిన్నెలు తోమే లిక్విడ్ ఒక్క చుక్క. విమ్, ప్రిల్ ఏదైనా సరే, పెద్ద తేడా లేదు. వేలికొసలతో రెండు వైపులా మెత్తగా రాయండి. ఫ్రేము అంచుల్లో, నోస్ ప్యాడ్ల చుట్టూ చెమట జిడ్డు ఎక్కువగా పేరుకుంటుంది, అక్కడ ఇంకాస్త సేపు. గిన్నెల సబ్బు బిళ్ల జోలికి మాత్రం పోవద్దు, అందులో మురికిని గీకే పొడి కలుపుతారు. ఒంటి సబ్బుల్లో చర్మానికి మెత్తదనం ఇచ్చే నూనెలుంటాయి, అవి అద్దం మీద పొరలా మిగిలిపోతాయి.

నురగంతా పోయేదాకా కడిగి, నెమ్మదిగా విదిలించండి. మీది బోరు నీళ్లైతే ఇక్కడ ఆలస్యం చేయొద్దు. చుక్కలు ఆరాయంటే నీళ్లలోని సున్నపు లవణాలు తెల్లటి మచ్చలుగా మిగులుతాయి. చివరిసారి ఆర్‌ఓ ఫిల్టరు నీళ్లు అరగ్లాసు పోస్తే ఆ బెడద తీరుతుంది.

ఇప్పుడే గుడ్డకు పని. ఉతికిన మైక్రోఫైబర్ గుడ్డతో ముందు అద్దండి, తర్వాత తేలిగ్గా తుడవండి. ఏ అద్దం తుడుస్తుంటే ఆ అద్దం ఫ్రేమునే పట్టుకోవాలి. కుడి కాడ పట్టుకుని ఎడమ అద్దం తుడిస్తే ముక్కు దగ్గర ఫ్రేము మెలి తిరుగుతుంది. కళ్లజోడు వంకర పోయిందని షాపుకి వచ్చేవాళ్లలో ఈ బాపతు తక్కువేం కాదనుకుంటాను. పెట్టె అడుగున నెలల తరబడి పడున్న గుడ్డలో దుమ్మే ఉంటుంది, వారానికోసారి ఉతకండి. బట్టల కండిషనర్ మాత్రం వేయొద్దు, ఆ గుడ్డతో తుడిస్తే అద్దం మసకేస్తుంది.

అమ్మోనియా ఉండే కిటికీ స్ప్రేలు, గోళ్లరంగు తుడిచే రిమూవర్, టిష్యూ కాగితం, గీతలు పోతాయని చెప్పే టూత్‌పేస్ట్... ఇవన్నీ దూరంగా ఉంచాల్సినవే. టూత్‌పేస్ట్ ఉన్న గీతను మాన్పదు, చుట్టూ కొత్తవి గీస్తుంది. బయట ఉన్నప్పుడు దుమ్ము పడితే తాగే నీళ్ల సీసాలోంచి కొంచెం పోసి, తర్వాతే గుడ్డ పట్టండి.

అభ్యాసం: ఇవాళ ఒకసారి కడిగి ట్యూబులైటు కింద చూడండి. గుండ్రటి మరకలుంటే సబ్బు పూర్తిగా పోలేదు, లేదా గుడ్డకే జిడ్డుంది. తెల్లటి చుక్కలుంటే నీళ్లు ఆరిపోయాయి. మళ్లీ కడిగినా కదలని సన్నటి గీత కనిపిస్తే అది గీతే, ఇక రుద్దకండి.

వచ్చే పాఠానికి మెత్తటి పాత టూత్‌బ్రష్ ఒకటి పక్కన పెట్టుకోండి. నోస్ ప్యాడ్ల కింద పట్టే పచ్చటి చిలుము సంగతి చూద్దాం.