దున్నేది ఒక చేను, కాగితంలో ఇంకో చేను: సంక్రాంతి తర్వాత పొలం కొనేవాళ్లకు జాగ్రత్తలు

రాజాం వైపు ఈమధ్య జరిగిన సంగతి. హైదరాబాద్‌లో తాపీ పని చేసి కూడబెట్టిన డబ్బుతో ఒకాయన కాలువ పక్కన ఎకరం పల్లం కొన్నాడు. రిజిస్ట్రేషన్ అయింది, పాస్‌బుక్ వచ్చింది, ఒక పంట కూడా తీశాడు. రెండో ఏడు ఉభాలకు దిగితే అమ్మినవాడి పినతండ్రి కూతుళ్లు వచ్చి గట్టు మీద నిలబడ్డారు. కొలిపిస్తే తేలిందేమిటంటే, దస్తావేజులో రాసిన సర్వే నంబరు కాలువ పక్కది కాదు, ఊరికి అటువైపు చెరువు కిందది. అమ్మినవాడు అబద్ధమాడలేదు. ఏళ్ల తరబడి ఆ కాలువ పక్క చేను దున్నుతున్నది అతనే.

ఈ తేడా ఎలా వచ్చిందో చెబుతాను. పంజాబ్, హర్యానా, ఉత్తరప్రదేశ్‌లలో చెల్లాచెదురుగా ఉన్న కమతాలను ప్రభుత్వమే చట్టం పెట్టి ఒకచోటికి చేర్చింది. అక్కడ దాన్ని చక్‌బందీ అంటారు. ఉత్తరప్రదేశ్ చట్టం 1953 నాటిది. మన వైపు ఊళ్లకు ఊళ్లు అలా కలిపింది లేదు. అందుకని మనవాళ్లు ఆ పని నోటిమాటతో కానిచ్చారు. "కాలువ కాడ ముక్క నువ్వు దున్నుకో, చెరువు కింద ముక్క నాకొదిలేయ్" అని అన్నదమ్ములు, ఇరుగుపొరుగు మార్చుకున్నారు. నీళ్లకీ దుక్కికీ అది బాగానే ఉంది. కానీ ఆస్తి బదిలీ చట్టం 118వ సెక్షన్ ప్రకారం భూమి మార్పిడి కూడా అమ్మకం పద్ధతిలోనే జరగాలి. వంద రూపాయలు, ఆపైన విలువైన భూమికి రిజిస్టర్ దస్తావేజు ఉండాలి. ఆ దస్తావేజు ఏ ఇంట్లోనూ ఉండదు.

మాటిచ్చుకున్న పెద్దలు బతికున్నంతకాలం పేచీ రాలేదు. భోగాపురం విమానాశ్రయం, మూలపేట పోర్టు పేర్లు చెప్పుకుని ధరలు లేచాక వారసులు ట్రంకుపెట్టెలు తెరిచారు.

అందుకే ఒక్కటే చెబుతున్నాను: బయానా ఇచ్చేముందు పొలం కొలిపించండి. ఇచ్చాక కాదు.

పాస్‌బుక్ చూసి నమ్మకండి. పాస్‌బుక్ నంబరు చెబుతుంది, ఆ నంబరు ఊళ్లో ఎక్కడుందో చెప్పదు. ఈసీ, అంటే ఆ నంబరు మీద ఉన్న తాకట్లు, అమ్మకాలు చూపే రిజిస్ట్రేషన్ ఆఫీసు పత్రం కూడా అంతే. చెరువు కింద నంబరుకు ఈసీ తీస్తే ఏ అప్పూ లేకుండా శుభ్రంగా వస్తుంది. మీరు కొంటున్నది కాలువ పక్కది. 1బి (ఎవరి పేరున ఎంత భూమి ఉందో చెప్పేది), అడంగల్ (ఎవరు సాగు చేస్తున్నారో చెప్పేది) ప్రభుత్వ మీభూమి వెబ్‌సైట్‌లో చూసుకోవడం అందరూ చేస్తున్నదే. ఎఫ్ఎంబీ పటం (సర్వే నంబరు హద్దులు, కొలతలు గీసింది) పట్టుకుని సర్వేయర్‌తో గట్టెక్కేవాళ్లే తక్కువ.

రీసర్వే అయిన ఊరైతే, అంటే ప్రభుత్వం భూములు మళ్లీ కొలిచిన ఊరైతే, పాత సర్వే నంబరు ఏ ఎల్‌పీఎం నంబరుగా (కొత్త కమతం పటం నంబరు) మారిందో కాగితం మీద తీసుకోండి. ఒకే ఎల్‌పీఎంలో ఇద్దరు ముగ్గురి పేర్లుంటే, అంటే జాయింట్ ఎల్‌పీఎం అయితే, అమ్మేవాడి వాటా ఏ గట్టు దగ్గర ఆగుతుందో ఆ పటం చెప్పదు. విడగొట్టించాకే బేరం.

మార్పిడి జరిగిందని తేలినంత మాత్రాన పొలం వదులుకోనక్కర్లేదు. ముందు ఆ రెండు కుటుంబాలనూ కూర్చోబెట్టి మార్పిడి దస్తావేజు రిజిస్టర్ చేయించండి. రెండువైపులా మ్యుటేషన్ (రెవెన్యూ రికార్డుల్లో పేరు మార్పు) కానివ్వండి. ఆ తర్వాత కొనండి. ఖర్చు అమ్మేవాడిదా మీదా అన్నది బేరంలో తేల్చుకోవచ్చు, కోర్టు ఖర్చుతో పోలిస్తే అదెంత.

ఇక మిగతావి.

కోతలయ్యాక, గట్లు కనబడేటప్పుడు కొలిపించండి. పక్క రైతులను పిలవండి, వాళ్ల సంతకాలు తీసుకోండి. "ఈ చేను పూర్వం ఎవరిది?" అని అమ్మేవాడిని కాదు, పక్క గట్టు ముసలాయన్ని అడగండి. ఆడపిల్లల సంతకాలు లేకుండా పిత్రార్జితం కొనకండి. కట్నం ఇచ్చేశాం అన్న మాట చెల్లదు, ఉమ్మడి ఆస్తిలో వాళ్ల హక్కును మన రాష్ట్రం 1986లోనే చట్టం చేసింది, 2005లో దేశమంతటికీ వచ్చింది. పన్నెండేళ్లుగా దున్నుతున్నాడు కాబట్టి భూమి వాడిదే అని ఎవరన్నా అంటే లేచి వచ్చేయండి. అది కోర్టులో రుజువు చేసుకోవలసిన వాదన, పట్టా కాదు. డి-పట్టా (ప్రభుత్వం పేదలకిచ్చిన భూమి) అయితే 22ఏ జాబితా, అంటే రిజిస్ట్రేషన్ చేయకూడని భూముల జాబితా చూడండి. పాలకొండ దాటి సీతంపేట వైపు ఏజెన్సీలో గిరిజనేతరులు కొనడానికి లేదు, 1/70 చట్టం ఉంది, బినామీ పేరు మాట ఎత్తకండి. తెల్లకాగితం ఒప్పందం వద్దు. జీపీఏ (యజమాని వేరొకరికి రాసిచ్చిన అధికార పత్రం) మీద కొనడం వద్దు. ఒప్పందంలో గడువు తేదీ రాయండి. ఆ తేదీ దాటిన మూడేళ్లలోపే దావా వేయాలి. నాలుగు హద్దులూ డాక్యుమెంట్ రైటర్ ఊహించి రాయకూడదు, సర్వేయర్ చూపినవే రాయాలి. మళ్లీ చెబుతున్నాను, కొలిపించకుండా బయానా ఇవ్వకండి. బావమరిది అమ్మినా ఇవ్వకండి.

ఇప్పటికే కొనేసి ఉంటే ఈ వేసవిలోనే కొలిపించండి. తేడా వస్తే, కాగితం ఉన్న కుటుంబంతో మీరే మార్పిడి దస్తావేజు రాసుకోవచ్చు: మీ నంబరు వాళ్లకి, వాళ్ల నంబరు మీకు. ఆ ఇంటి పెద్దాయన సబ్ రిజిస్ట్రార్ ఆఫీసు మెట్లెక్కగలిగినప్పుడే వెళ్లి అడగండి.