లైసెన్సు గడువు తీరిందని బీమా కంపెనీ చేతులెత్తేస్తే

సమస్య: ప్రమాదంలో ఇంటి మనిషి పోయాడు. మోటారు ప్రమాదాల క్లెయిముల ట్రిబ్యునల్‌లో పిటిషన్ వేశారు. "ప్రమాదం నాటికి డ్రైవర్ లైసెన్సు గడువు తీరిపోయింది, పరిహారంతో మాకు సంబంధం లేదు" అని బీమా కంపెనీ కౌంటరు దాఖలు చేసింది.

కారణం: చెల్లుబాటయ్యే లైసెన్సు లేని వ్యక్తి నడిపితే పాలసీ షరతును ఉల్లంఘించినట్టేనని వాదించే వీలు మోటారు వాహనాల చట్టం 150వ సెక్షన్ కంపెనీకి ఇచ్చింది. 2019 సవరణకు ముందు ఇదే 149వ సెక్షన్. అయితే వాదించడం వేరు, రుజువు చేయడం వేరు. స్వరణ్ సింగ్ కేసులో 2004లో సుప్రీంకోర్టు ఈ తేడాను గట్టిగా చెప్పింది. లైసెన్సు లోపం చూపితే సరిపోదు. యజమాని తగిన జాగ్రత్త తీసుకోలేదని, ఆ లోపం ప్రమాదానికి దారితీసేంత మౌలికమైనదని కంపెనీయే నిరూపించాలి.

పరిష్కారం: కౌంటరు చూసి రాజీకి తొందరపడకండి. కంపెనీ ముందు పరిహారం చెల్లించి, ఆ తర్వాత యజమాని నుంచి రాబట్టుకునేలా ఆదేశించమని మీ న్యాయవాది ద్వారా స్పష్టంగా కోరండి. కోర్టుల్లో దీన్ని 'పే అండ్ రికవర్' అంటారు. ప్రతి కేసులోనూ ఇలాగే జరుగుతుందని చెప్పలేను, తీర్పులు రెండు రకాలుగానూ ఉన్నాయి. కానీ యజమానికీ కంపెనీకీ మధ్య ఉన్న తగాదా తేలేవరకు బాధితులు ఎదురుచూడాలనడం అన్యాయం. థర్డ్ పార్టీ బీమాను చట్టం తప్పనిసరి చేసింది వాళ్ల కోసమే.

సమస్య: "లైసెన్సు ఉందండీ, ఇంకా ఏళ్ల గడువుంది" అని డ్రైవర్ కార్డు చూపిస్తాడు. కంపెనీ మాత్రం లేదంటుంది.

కారణం: కార్డు మీద రెండు గడువులుంటాయి. ఒకటి సొంత వాహనాలకు, రెండోది రవాణా వాహనాలకు. రవాణా లైసెన్సు 5 ఏళ్లకే ముగుస్తుంది. లారీ నడిపే మనిషి మొదటి తేదీ చూసి ధీమాగా ఉంటాడు, రెండోది ఎప్పుడో దాటిపోయి ఉంటుంది.

పరిష్కారం: నాలుగు తేదీలు ఒక కాగితం మీద రాయండి: గడువు ముగిసిన రోజు, ప్రమాదం జరిగిన రోజు, రెన్యువల్‌కు దరఖాస్తు చేసిన రోజు, రెన్యువల్ అయిన రోజు. కార్డు నకలుతో సరిపెట్టుకోకుండా రవాణా శాఖ కార్యాలయం నుంచి లైసెన్సు వివరాల పత్రం తీసుకోండి. ట్రిబ్యునల్‌లో నిలబడేది ఆ రికార్డే.

సమస్య: ప్రమాదం తర్వాత రెన్యువల్ చేయించారు, అయినా కంపెనీ ఒప్పుకోవడం లేదు.

కారణం: గడువు తీరాక 30 రోజులు లైసెన్సు చెల్లుతుందన్న పాత వెసులుబాటును 2019 సవరణ తీసేసింది. ఏడాదిలోపు దరఖాస్తు చేస్తే మళ్లీ డ్రైవింగ్ పరీక్ష లేకుండా రెన్యువల్ చేస్తారు. కానీ అది చేసిన రోజు నుంచే అమలవుతుంది, మధ్యలోని ఖాళీ నిండదు.

పరిష్కారం: ఖాళీ లేదని వాదించి సమయం పోగొట్టుకోవద్దు. ఆ డ్రైవర్ నడపడం వచ్చినవాడేననీ, పరీక్ష అక్కర్లేకుండానే రెన్యువల్ పొందగలిగేవాడనీ చూపండి. స్వరణ్ సింగ్ తీర్పు ఈ వాదనకు బలమిస్తుంది. ఏడాది దాటిపోయి ఉంటే మాత్రం ఈ దారి చాలా ఇరుకు.

సమస్య: చెల్లించిన సొమ్ము తిరిగి ఇవ్వమంటూ యజమానికి నోటీసు వచ్చింది.

కారణం: పనిలో పెట్టుకున్నప్పుడు లైసెన్సు చూశారు, తర్వాత మళ్లీ అడగలేదు. మూడేళ్లుగా రెన్యువల్ కాని లైసెన్సుతో డ్రైవర్ నడిపిన కేసులో, గడువు గమనించుకోవాల్సింది యజమానేనని 2020లో సుప్రీంకోర్టు తేల్చింది.

పరిష్కారం: లైసెన్సు నకలు, దాన్ని తనిఖీ చేసినట్టు చూపే రిజిస్టరు, డ్రైవర్‌కు గుర్తుచేసిన సందేశాలు, ఏది ఉన్నా దాఖలు చేయండి. ఏదీ లేకపోతే ఈ కేసులో చెప్పుకోవడానికి పెద్దగా ఏమీ మిగలదు. మిగతా డ్రైవర్ల కార్డులైనా ఈ రోజే తెప్పించి రెండు గడువులూ చూడండి.

మరొకటి. గాయపడిన వ్యక్తికే లైసెన్సు లేదని పరిహారం తగ్గించమంటారు కొందరు. లైసెన్సు లేనంత మాత్రాన అతని నిర్లక్ష్యం రుజువైనట్టు కాదని 2008లోనే సుప్రీంకోర్టు చెప్పింది. అతను ఎలా నడిపాడన్నదే ప్రశ్న. మీ సొంత బండి మరమ్మతు క్లెయిము మాత్రం వేరే సంగతి: అది మీకూ కంపెనీకీ మధ్య ఒప్పందం, అక్కడ థర్డ్ పార్టీకి దొరికే రక్షణ దొరకదు.