ఊరి చదువుగదిని మళ్ళీ తెరవడం ఎలా: ఒక సంప్రదాయవాది సూచనలు

1901 సెప్టెంబరు 1న హైదరాబాదులో రావిచెట్టు రంగారావు ఇంట్లో శ్రీకృష్ణదేవరాయాంధ్ర భాషానిలయం మొదలైనప్పుడు దాని వెనుక ప్రభుత్వ ఉత్తర్వు గానీ, గ్రాంటు గానీ లేదు. 1911లో బెజవాడలో వెలసిన రామమోహన గ్రంథాలయమూ, 1918లో వేటపాలెంలో పుట్టిన సారస్వత నికేతనమూ అదే విధంగా చందాలతో, విరాళాలతో, కొద్దిమంది పట్టుదలతో నిలబడినవే. స్వేచ్ఛ గురించి సంప్రదాయవాదులు చెప్పే మాటలో ముఖ్యమైన సగం ఇక్కడే ఉంది. ఇరుగుపొరుగువారు కూడి ఒక పనిని తమంతట తాము నడుపుకోవడం అలవాటైన చోట స్వేచ్ఛ బతుకుతుందని, ఆ అలవాటు తప్పిన చోట ఎంత మంచి రాజ్యాంగమైనా కాగితంగా మిగులుతుందని వారి నమ్మకం. సంప్రదాయవాదానికి ఆద్యుడుగా చెప్పే బ్రిటిష్ రాజకీయ చింతకుడు ఎడ్మండ్ బర్క్, మనం పుట్టి పెరిగిన చిన్న సమూహం మీది మమకారమే దేశాభిమానానికి మొలక అన్నాడు. 1831లో అమెరికా వెళ్ళిన ఫ్రెంచి రచయిత టాక్‌విల్ అక్కడి ప్రజాస్వామ్యానికి బలం పౌర సంఘాలలో ఉందని గ్రహించాడు. ఈ నమ్మకాన్ని మన ఊళ్ళో ఆచరణలో పెట్టదలచినవారికి మూతపడిన పఠనమందిరాన్ని మళ్ళీ తెరవడం కంటే తగిన పని నాకు కనబడదు. దాన్ని ఎలా చేయాలో కింద వివరిస్తున్నాను.

మొదట చేయవలసింది కొత్తది కట్టడం కాదు, పాతది వెతకడం. మీ ఊళ్ళో ఒకప్పుడు గ్రంథాలయం ఉండి ఉంటే దాని బోర్డు ఏ చావడి గోడకో ఆనించి ఉండవచ్చు, పుస్తకాలు ఏ పెద్దాయన ఇంటి అటక మీదో ఉండవచ్చు. డెబ్బై ఏళ్ళు దాటిన నలుగురిని కలిసి అడగండి. పాత అక్సెషన్ రిజిస్టరు (గ్రంథాలయానికి చేరిన ప్రతి పుస్తకాన్నీ రాసుకొనే పుస్తకం) దొరికితే అది పుస్తకాల కంటే విలువైనదని గుర్తించండి, ఎందుకంటే ఊరివారు ఏమి చదివారో, ఎవరు దానం ఇచ్చారో, ఏ సంవత్సరంలో ఆగిపోయిందో అందులో తెలుస్తుంది. పాత పేరును వీలైనంతవరకు మార్చకండి. కొత్త దాత తన తండ్రి పేరు పెట్టమంటే ఒక బీరువాకు పెట్టండి.

అయితే పాతదాన్ని కాపాడడమంటే పాత తలుపుగొళ్ళాన్ని కూడా కాపాడడం కాదు. ఆ రోజుల్లో ఎన్నో పఠనమందిరాల గడప అందరికీ ఒకటి కాదన్న సంగతిని ఈ ఆలోచనాధోరణి గలవారు దాటవేయకూడదు. 1906లో జగన్మిత్ర మండలిని స్థాపించిన భాగ్యరెడ్డి వర్మ, హైదరాబాదులో దళిత బాలబాలికలకు పాఠశాలలు నడిపినప్పుడు చేసినదీ స్వచ్ఛంద పౌర కార్యమే. నన్నడిగితే మన సంప్రదాయంలో అన్నిటికంటే బలమైన ఉదాహరణ అదే. కనుక గది ఎక్కడ ఉండాలో నిర్ణయించేటప్పుడు, ఊళ్ళోని ఏ వాడ మనిషైనా ఎవరినీ అడగకుండా లోపలికి రాగలిగిన స్థలాన్ని ఎన్నుకోండి. ఒకరి ఇంటి అరుగు ఉచితంగా దొరికినా అక్కడికి సగం ఊరు రాలేకపోతే, అద్దె చెల్లించి వేరే గది తీసుకోవడమే మేలు.

తరువాతిది సంఘం. రాజ్యాంగంలోని 19వ అధికరణం సంఘాలు ఏర్పరచుకొనే హక్కును ఇస్తోంది. రెండు తెలుగు రాష్ట్రాల్లోనూ అమలులో ఉన్న 2001 సొసైటీల రిజిస్ట్రేషను చట్టం ప్రకారం కనీసం ఏడుగురు సభ్యులుంటే చాలు. ఆ ఏడుగురూ ఒకే కుటుంబానికో, ఒకే పార్టీకో చెందినవారు కాకుండా చూసుకోండి. నియమావళిని ఇతర సంఘాల నుండి నకలు చేసి సంతకాలు పెట్టించే అలవాటు మనలో ఎక్కువ. అలా చేయకుండా రెండు మూడు సాయంత్రాలు కూర్చొని ప్రతి నియమాన్నీ పైకి చదివి, ఎందుకు అవసరమో మాట్లాడుకోండి. పౌరశాస్త్రంలో అంతకంటే మంచి పాఠం ఏ తరగతిలోనూ దొరకదు. చందా అందరూ ఇవ్వగలిగినంత తక్కువగా ఉండాలి గానీ సున్నా కాకూడదు, ఎందుకంటే పది రూపాయలు ఇచ్చిన మనిషి లెక్క అడుగుతాడు. ప్రతి పైసాకూ రసీదు ఇవ్వండి, నెలకొకసారి కోశాధికారి జమాఖర్చులను సభలో పైకి చదవాలి, చదివిన తరువాత మినిట్స్ పుస్తకంలో హాజరైనవారి సంతకాలు తీసుకోవాలి. పెద్ద దాత ఒకరు దొరికినంత మాత్రాన చందాలు ఆపకండి. దాత అలిగిన రోజు గది మూతపడుతుంది.

చదువు విషయానికి వస్తే, పుస్తకాలు పంచి ఇళ్ళకు పంపడంతో పని పూర్తి కాదు. వారానికి ఒక సాయంత్రం చర్చకు కేటాయించాలి. నిడుబ్రోలులో రైతాంగ విద్యాలయం నడిపిన ఎన్.జి. రంగా, రైతుబిడ్డలకు ఆర్థిక, రాజకీయ విషయాలు తెలియకపోతే వారి తరఫున ఇతరులే మాట్లాడతారని గ్రహించినవారు. అదే రంగా 1959లో, నాగపూర్ కాంగ్రెసు సమావేశం సహకార వ్యవసాయాన్ని (రైతులు భూములు కలిపి ఉమ్మడిగా సాగు చేయడాన్ని) ఆమోదించిన తరువాత, రాజాజీతో కలిసి స్వతంత్ర పార్టీని స్థాపించి దానికి తొలి అధ్యక్షులయ్యారు. రైతు సొంత ఆస్తి గురించిన ఆ వాదం నేటికీ చర్చకు చక్కని ముడిసరుకు: 1978లో రాజ్యాంగ 44వ సవరణ ఆస్తి హక్కును ప్రాథమిక హక్కుల నుండి తొలగించి 300ఎ అధికరణం కింద మామూలు చట్టబద్ధ హక్కుగా మార్చింది, అది సరైన పనేనా? ఇటువంటి ప్రశ్నను ఎత్తినప్పుడు ఒక నియమం పాటించండి. మాట్లాడేవారు ముందుగా తమకు నచ్చని పక్షం వాదనను, ఆ పక్షంవారు ఒప్పుకొనేలా వివరించి, ఆ తరువాతే తమ మాట చెప్పాలి. భూమి ఉన్నవారు భూమి లేనివారి తరఫున అయిదు నిమిషాలు మాట్లాడవలసి వచ్చినప్పుడు గదిలో వాతావరణమే మారుతుంది. మొదటి రెండు వారాలు ఎవరికీ రాదు, నవ్వులాటగా ఉంటుంది, ఓపిక పట్టండి.

పౌర బాధ్యతలను చర్చించే వారం పౌరుల ప్రాథమిక విధులను చెప్పే 51ఎ అధికరణాన్ని చదవండి, కానీ అది రాజ్యాంగంలోకి 1976లో, అత్యవసర పరిస్థితి కాలంలో, 42వ సవరణ ద్వారా వచ్చిందని కూడా చెప్పండి. హక్కులు నిలిపివేసిన ఏలుబడే విధుల జాబితా రాయడంలోని విడ్డూరం పిల్లలకు వెంటనే అర్థమవుతుంది. 2002లో 86వ సవరణ ఆ జాబితాకు చేర్చిన విధి, అంటే ఆరు నుండి పద్నాలుగేళ్ళ పిల్లలకు చదువుకొనే అవకాశం కల్పించే తల్లిదండ్రుల బాధ్యత, వేరే తరహాది. అది ఇంటి నుండి మొదలయ్యే విధి కనుక దానిపై విడిగా ఒక సాయంత్రం గడపవచ్చు.

ప్రభుత్వంతో ఎంతవరకు సంబంధం పెట్టుకోవాలన్నది తరచు వచ్చే ప్రశ్న. గ్రాంటు కోసం తిరగకండి. కానీ మీరు కట్టిన డబ్బు గురించి అడగడానికి మొహమాటపడకండి. ఇంటి పన్నులో ప్రతి రూపాయికి ఎనిమిది పైసలు గ్రంథాలయ పన్నుగా వసూలవుతుంది, దాన్ని స్థానిక సంస్థ జిల్లా గ్రంథాలయ సంస్థకు జమ చేయాలి. మీ పంచాయతీ ఎంత వసూలు చేసింది, ఎంత జమ చేసింది అని గ్రామసభలో అడగండి. జవాబు రాకపోతే సమాచార హక్కు దరఖాస్తు పెట్టండి. గ్రామస్థాయి కార్యాలయంలో దానికి రుసుము కూడా లేదు. దరఖాస్తును వ్యక్తిగత కక్షతో కాకుండా సంఘం తీర్మానం చేసి పెట్టడం మంచిది, అప్పుడు సర్పంచిగారికి అది తగాదాగా తోచదు.

చివరిగా, ఏ పదవిలోనైనా ఒకరు వరుసగా రెండు పర్యాయాలకు మించి ఉండకూడదని నియమావళిలోనే రాసుకోండి. కార్యదర్శి దిగిపోయే రోజున రిజిస్టరులోని పుస్తకాలను బీరువాలోని పుస్తకాలతో ఒక్కొక్కటిగా సరిచూసి, తగ్గిన వాటిని విడిగా రాసి, దిగిపోయేవారూ కొత్తగా వచ్చేవారూ ఇద్దరూ సంతకం చేసిన తరువాతే తాళంచెవి చేతులు మారాలి. వ్యవస్థాపకులైనా ఈ లెక్కకు మినహాయింపు ఉండదని వారి చేతనే మొదటి సమావేశంలో తీర్మానం ప్రతిపాదింపజేయండి.