డిఫాల్ట్ కింద కొట్టేసిన సివిల్ అప్పీలును తిరిగి తెరిపించుకోవడం ఎలా?

పొలం గట్టు తగాదాలో ఓడిపోయి జిల్లా కోర్టులో అప్పీలు వేసిన దేవరకొండ రైతును తీసుకుందాం. వాయిదా రోజు బంట్రోతు మూడుసార్లు పిలిచినా అతను గానీ, అతని వకీలు గానీ పలకకపోతే, సివిల్ ప్రొసీజర్ కోడ్ ఆర్డర్ 41 రూల్ 17 కింద ఆ అప్పీలు డిఫాల్ట్ కింద, అంటే గైర్హాజరు కారణంగా, డిస్మిస్ కావచ్చు. అయితే అప్పీలుదారు లేనప్పుడు కేసు మంచిచెడ్డల్లోకి వెళ్లి కొట్టేయడానికి వీల్లేదని ఆ రూలుకున్న వివరణే చెబుతోంది. కాబట్టి ముందుగా ఉత్తర్వులో ఏ కారణం రాశారో చదవాలి. అది డిఫాల్ట్ అయితే దారి, అప్పీలును తిరిగి తెరవమని అడిగే అదే ఆర్డర్‌లోని రూల్ 19; ప్రతివాది చనిపోయాక వారసులను 90 రోజుల్లో చేర్చనందువల్ల అప్పీలు అబేట్ అయి (దానంతటదే ముగిసిపోయి) ఉంటే దారి వేరు.

రెండో పని గడువు లెక్కించడం. లిమిటేషన్ చట్టం 122వ ఆర్టికల్ ప్రకారం రూల్ 19 పిటిషన్‌కు 30 రోజులే గడువు, అది కూడా డిస్మిస్ అయిన తేదీ నుంచి. మనకు తెలిసిన తేదీ నుంచి కాదు. అప్పీలు వేసేటప్పుడు సర్టిఫైడ్ కాపీకి పట్టిన రోజులను మినహాయించే వెసులుబాటు ఈ పిటిషన్‌కు వర్తించదు గనుక, కాపీ చేతికి వచ్చేదాకా ఆగడం ప్రమాదం. గడువు దాటితే అదే చట్టం సెక్షన్ 5 కింద జాప్యాన్ని మన్నించమనే పిటిషన్ కూడా జతచేయాలి.

ఇక అఫిడవిట్, అంటే పిటిషన్‌తో ఇచ్చే ప్రమాణ పత్రం. అసలు బలం ఇక్కడే ఉంది, చాలామంది అజాగ్రత్తగా ఉండేదీ ఇక్కడే. "అనారోగ్యం వల్ల రాలేకపోయాను" అన్న ఒక్క వాక్యం చాలదు. పాలమూరు నుంచి పుణెకు కూలి పనికి వెళ్లినవారైతే ఏ తేదీన వెళ్లారు, ఎప్పుడు తిరిగొచ్చారు, అప్పీలు డిస్మిస్ అయిందని ఎవరి ద్వారా తెలిసింది అన్నవి వరుసగా రాసి, రైలు టికెట్టో, ఆసుపత్రి చీటీయో జతపరచాలి. తప్పు వకీలుదైతే ఆ మాటే నిజాయితీగా రాయాలి. వకీలు గైర్హాజరుకు నిర్దోషి అయిన కక్షిదారు నష్టపోకూడదని 1981లో రఫీక్ కేసులో సుప్రీంకోర్టు అన్నది. అయినా అది ప్రతిసారీ ఆదుకుంటుందని నమ్ముకోకూడదు.

అప్పీలు డిస్మిస్ కాగానే అందులో పొందిన స్టే కూడా పోతుంది. అవతలివారు ఎగ్జిక్యూషన్ పిటిషన్ (తీర్పును అమలు చేయించమనే పిటిషన్) వేసి పొలంలోకి దిగే వీలుంటుంది గనుక, తిరిగి తెరిపించే పిటిషన్‌తో పాటే స్టే కూడా అడగడం మేలు. కోర్టు ఖర్చులు కట్టమని షరతు పెడితే చెప్పిన తేదీలోపే కట్టి రసీదు దాచుకోవాలి. పిటిషన్‌ను తిరస్కరిస్తే, ఆ ఉత్తర్వు మీద ఆర్డర్ 43 రూల్ 1(టి) కింద పై కోర్టులో సివిల్ మిసిలేనియస్ అప్పీలు వేసుకోవచ్చు.